పెట్టుకునేవీ పట్టుకునేవీ

2023 మే 6, శనివారం. సెలవులకు రుద్రవరం పోయి ఉన్నాను. బయట అడుగు పెట్టలేని ఎండ. కరెంటు ఎందుకో దయతలచి ఉంది. మధ్యాహ్నం మూడున్నరకి లండన్‌లో మూడో చార్లెస్‌ పట్టాభిషేకం మొదలైతే అమ్మా నేనూ టీవీ ముందు కూర్చున్నాం. అమ్మకి ఇంగ్లిషు రాదు. ఆ అవసరమూ పడలేదు. నూనె పూయడం, కొత్తబట్ట కప్పడం, వేలికి ఉంగరం, నెత్తిన కిరీటం... తంతు ఎక్కడైనా తంతే కదా! రాజు అయిపోయాక భార్య కామిల్లా వంతు వచ్చింది. ఆమె తలమీద కిరీటం పెడుతుంటే అమ్మ ముందుకి వంగి చూసింది.

"ఏమ్మే, ఆయమ్మ కిరీటంలో మన రాయి యాడుంది?"

"ఈసారి పెట్టుకోలేదు మా. మనోళ్ళు గొడవ చేస్తారని భయం."

"అట్లయితే ఆయప్ప పెట్టుకోవచ్చు గదా?"

"మగవాళ్ళకి అచ్చిరాదంట. ఆడవాళ్ళే పెట్టుకోవాలంట."

అమ్మ నవ్వింది. "మొగోళ్ళకి అచ్చిరానిది ఏమన్నా ఉంటే మనకిస్తార్లే."

ఇరవై ఏళ్ళకి పైగా ఇంగ్లిషు సాహిత్యం పాఠం చెప్పినదాన్ని. షేక్‌స్పియర్‌ 'రెండవ రిచర్డ్‌'లో రాజు తన కిరీటాన్ని, రాజదండాన్ని తన చేతులతోనే వదులుకునే ఘట్టాన్ని క్లాసులో ఎన్నిసార్లు రాగం తీసి చదివానో లెక్కలేదు. ఆ నాటకంలో తన భర్త రాజ్యం పోయిందన్న సంగతి రాణికి ఎలా తెలుస్తుందో మాత్రం ఒక్కసారీ ఆగి చూడలేదు. తోటమాలులు మాట్లాడుకుంటుంటే చెట్టుచాటున నిలబడి వింటుంది! రాజ్యం రావడమైనా పోవడమైనా ఆమెకి చివరగా అందే కబురే. అమ్మ మాట విన్నాక నేను ఈ పట్టాభిషేకాల చరిత్రని మళ్ళీ మొదటినుంచి, ఈసారి స్త్రీవైపు నుంచి చదువుకున్నాను. రాజులు, తేదీలు, కారట్లు కాదు నేను వెతికింది. ఎవరి చేతికి ఏమిచ్చారు, ఎవరి ఒంటిమీద ఏం పెట్టారు అన్నదే.

ముందు ఆ రాయి సంగతే చూద్దాం. కోహినూరు ఆడవాళ్ళకే అచ్చొస్తుందన్న మాట మన పత్రికలు పట్టాభిషేకం వచ్చిన ప్రతిసారీ రాస్తాయి. అదేదో స్త్రీశక్తికి దక్కిన గౌరవం అన్నట్టు రాస్తాయి. నిజంగా దాన్ని ఏ ఏ పట్టాభిషేక కిరీటాల్లో పొదిగారు? 1902లో ఏడో ఎడ్వర్డ్‌ భార్య అలెగ్జాండ్రా కిరీటంలో. 1911లో అయిదో జార్జి భార్య మేరీ కిరీటంలో. 1937లో ఆరో జార్జి భార్య ఎలిజబెత్‌ కిరీటంలో. ముగ్గురూ రాజుల భార్యలే. రాయి చేతికి వచ్చేనాటికే విక్టోరియా పట్టాభిషేకం అయిపోయింది. ఆమె దాన్ని నగగా తొడుక్కుంది. డెబ్భై ఏళ్ళు ఏలిన రెండో ఎలిజబెత్‌ దాన్ని కిరీటంలో పెట్టుకోనే లేదు. 1953లో కూతురి పట్టాభిషేకానికి ఆ రాయి ఉన్న కిరీటం పెట్టుకుని వచ్చింది తల్లి. 2002లో ఆ తల్లి చనిపోతే శవపేటిక మీద పెట్టింది కూడా దాన్నే. అంటే అది ఆడవాళ్ళ రాయి కాదు, పెళ్ళాల రాయి. ఏలే స్త్రీకి కాదు, ఏలేవాడి పక్కన కూర్చునే స్త్రీకి. ఈ తేడాని 'ఆడవాళ్ళకి అచ్చొస్తుంది' అన్న ఒక్కమాట కింద ఎంత సుళువుగా కప్పేశారో చూడండి.

ఆ రాయి లండన్‌కి పోయిన దారిలో కూడా ఒక స్త్రీ ఉంది. 1849లో లాహోర్‌ ఒప్పందం మీద సంతకం పెట్టి రాజ్యాన్నీ రాయినీ వదులుకున్న దులీప్‌సింగ్‌కి పదేళ్ళు. పదేళ్ళ పిల్లాడి సంతకం ఎలా చెల్లుతుందని అడగగలిగిన తల్లి జిందాన్‌ కౌర్‌ని ఇంగ్లిషువాళ్ళు అంతకుముందే కొడుకునుంచి విడదీసి జైల్లో పెట్టారు. ఆమె తప్పించుకుని నేపాల్‌ చేరింది. మళ్ళీ కొడుకుని చూసింది 1861లో, కలకత్తాలో. రెండేళ్ళకే లండన్‌లో చనిపోయింది. 2016లో మన ప్రభుత్వం తరఫు న్యాయవాది సుప్రీంకోర్టులో ఆ రాయిని ఎవరూ దొంగిలించలేదు, లాక్కోలేదు, ఇచ్చిందే అన్నాడు. ఇచ్చినవాడి తల్లి అప్పుడు ఏ జైల్లో ఉందో ఆ వాదనలోకి రానేలేదు.

ఇంక అసలు తంతులోకి వద్దాం. పద్నాలుగో శతాబ్దంలో రాసిపెట్టుకున్న 'లిబర్‌ రెగాలిస్‌' అన్న విధిగ్రంథం వాళ్ళకి ఒకరకంగా ధర్మశాస్త్రం. రాజుతోపాటు రాణికి చేయాల్సిన తంతు కూడా అందులో ఉంది. ఆమె ఆసనం రాజు ఆసనం కంటే కాస్త కిందుగా ఉండాలట. మన ఇళ్ళలో పీటలు వేసే పెద్దముత్తయిదువ ఎవరో రాసినట్టే ఉంది! రాజుకి ఇచ్చేవి చాలా ఉన్నాయి. గుర్రమెక్కేవాడి మడమకి ఉండే ముళ్ళు, కత్తి, శిలువ ఉన్న బంగారు గోళం, దండాలు, ఉంగరం, కిరీటం. రాజ్యానికి ప్రమాణం చేసేది కూడా అతనే. భార్యకి ఉంగరం, కిరీటం, దండం ఉంటాయి. కత్తి లేదు, గోళం లేదు, ప్రమాణం లేదు. దండాన్ని మినహాయిస్తే ఆమెవన్నీ పెట్టుకునేవి, అతనివి ఎక్కువ పట్టుకునేవి. నాకు ఈ మొత్తం చరిత్రలో కీలకం ఈ రెండు క్రియల మధ్యే ఉందనిపిస్తుంది.

పట్టుకునేవాటిని ఒక స్త్రీ చేతిలో పెట్టక తప్పని పరిస్థితి వచ్చినప్పుడు ఏం చేశారు? అక్కడే వాళ్ళ తడబాటంతా బయటపడుతుంది. 1553లో మొదటి మేరీకి పట్టాభిషేకం. తన హక్కుతో ఇంగ్లండు సింహాసనానికి పట్టాభిషేకం చేసుకున్న మొదటి స్త్రీ. ఆమె చేతికి రెండు దండాలిచ్చారు. ఒకటి రాజుది, ఒకటి రాజు భార్యకి ఇచ్చేది. రాజూ నువ్వే, రాజు పెళ్ళానివీ నువ్వే అన్నట్టు! రాణికి ఉన్న అధికారం రాజుకి ఉన్నంతే అని మరుసటి ఏడాది పార్లమెంటు చట్టం చేసి చెప్పాల్సి వచ్చింది. 1689లో రెండో మేరీ, ఆమె భర్త విలియం ఇద్దరూ సమానంగా ఏలాలన్నప్పుడు ఇంకో చిక్కు. ఉన్నది ఒక్క గోళం, ఒక్క కుర్చీ. మేరీ కోసం రెండో గోళం, రెండో దండం, రెండో కుర్చీ చేయించారు. రాజ్యం అసలు హక్కుదారు ఆమె తండ్రి కూతురిగా ఆమే. అయినా 'రెండోవి' ఆమెకే వచ్చాయి.

1838లో విక్టోరియా కథ నాకు చాలా ఇష్టం. పంతొమ్మిదేళ్ళ పిల్ల. ఉంగరం ఆమె చిటికెనవేలి కొలతకి చేశారు. ఆర్చిబిషప్‌ దాన్ని ఉంగరపు వేలికే బలవంతంగా ఎక్కించాడు. తర్వాత మంచునీళ్ళలో చెయ్యి పెట్టి లాగితేగానీ రాలేదు. ఎంత నొప్పి పెట్టిందో ఆమె తన డైరీలోనే రాసుకుంది. వేలు ఎవరిదైనా సరే, ఏ వేలికన్నది నిర్ణయించేది పెద్దాయన. మన పెళ్ళిళ్ళలో గాజులు ఎక్కించడం గుర్తొచ్చిందా? 1953లో రెండో ఎలిజబెత్‌కి కత్తి మొలకి కట్టలేదు, చేతికిచ్చి తీసుకున్నారు. ముళ్ళు మడమకి తొడగలేదు, తాకించి పంపేశారు. ఆమె భర్త ఫిలిప్‌కి కిరీటం లేదు. వచ్చి మోకాలిమీద కూర్చుని విధేయత చెప్పి వెళ్ళాడు. రాజు భార్యకి రాణి కిరీటం పెడతారు కదా, రాణి భర్తకి రాజు కిరీటం ఎందుకు పెట్టరు? పెడితే అతను ఆమె కంటే పెద్దవాడైపోతాడు కాబట్టి. అంటే 'రాజు' అన్న మాట 'రాణి' కంటే పైన ఉందని, రాణి సింహాసనం మీద కూర్చున్నప్పుడు కూడా, ఆ తంతు ఒప్పుకుంటూనే ఉంది.

ఆన్‌ బొలీన్‌ సంగతి మరీ దారుణం. 1533 జూన్‌ 1న ఎనిమిదో హెన్రీ ఆమెకి, మామూలుగా ఏలేవాళ్ళకి మాత్రమే పెట్టే సెయింట్‌ ఎడ్వర్డ్‌ కిరీటం పెట్టించాడు. అప్పటికి ఆమె నిండు గర్భిణి. ఆ కిరీటం ఆమె తలకి కాదు, కడుపులో ఉన్నాడనుకున్న మగబిడ్డకి అని చరిత్రకారులు కొందరు అంటారు. సెప్టెంబరులో ఆడపిల్ల పుట్టింది. మూడేళ్ళు తిరక్కుండా, 1536 మే నెలలో, ఆ తలే తీయించాడు. ఆ ఆడపిల్లే మొదటి ఎలిజబెత్‌.

1821లో నాలుగో జార్జి భార్య కారొలైన్‌ పట్టాభిషేకం రోజున వెస్ట్‌మినిస్టర్‌ అబ్బే తలుపుల దగ్గరికి వెళ్ళి లోపలికి రానివ్వమని అడిగింది. రానివ్వలేదు. మూడు వారాలు కాకముందే చచ్చిపోయింది. రాసుకుంటూ పోతే ఇదో పెద్ద పట్టిక అవుతుంది, ఇక్కడ ఆపుతాను. కానీ ఒక చిన్న సంగతి చెప్పకుండా ఉండలేను. 1649లో రాజు తల తీశాక పాత రాజచిహ్నాలన్నీ కరిగించడానికి లెక్కలు రాశారు. ఆల్ఫ్రెడ్‌ రాజుదని చెప్పుకునే కిరీటం విలువ 248 పౌన్లు. ఈడిత్‌ రాణిదని చెప్పుకునే కిరీటాన్ని అప్పటిదాకా అందరూ నిఖార్సయిన బంగారం అనుకున్నారట. గీసి చూస్తే వెండిమీద బంగారు పూత. విలువ 16 పౌన్లు. అంత విధ్వంసంలో మధ్యయుగం నాటి బంగారు సామగ్రిలో మిగిలింది ఒక్క చెంచా, తలమీద నూనె పోయడానికి వాడేది. 16 షిల్లింగులకి ఎవరో కొనుక్కుని దాచి తర్వాత తెచ్చి ఇచ్చాడు. వెయ్యేళ్ళ రాజరికంలో మిగిలింది గరిటేనా అని నేనూ అమ్మా నవ్వుకున్నాం.

ఇంగ్లిషువాళ్ళని ఇంత విప్పి చూశాక మనవైపు చూడకుండా పోవడం న్యాయం కాదు.

మా రుద్రవరం గురించి ఒక కథ ఉంది. కాకతీయ ప్రతాపరుద్రుడు శ్రీశైలం దారిలో ఇక్కడ విడిది చేశాడట. శివపూజ చేయందే అన్నం ముట్టనివాడు. బంగారంతో శివుడి ప్రతిమ పోయమని కంసాలికి చెప్పాడు. బంగారం కరిగించి పోస్తే ఎన్నిసార్లు పోసినా నరసింహస్వామే వచ్చాడు. అహోబిలం పక్కనే కదా! రాజు స్వామి మహిమకి దండంపెట్టి ఆ ప్రతిమని అక్కడి జియ్యరుకి ఇచ్చాడు. చిన్నప్పుడు ఈ కథ ఎందరి నోట విన్నానో. ఆ ప్రతాపరుద్రుడికి రాజ్యం ఎవరినుంచి వచ్చిందో మాత్రం చెప్పినవాళ్ళు లేరు. తండ్రినుంచి కాదు. అమ్మమ్మ రుద్రమదేవి నుంచి. ఆమె కూతురు ముమ్మడమ్మ కొడుకు అతను. మనవడు విడిది చేసిన చోటు ఊరికంతా తెలుసు, అమ్మమ్మ పేరు ఆ కథలో లేదు.

రుద్రమకి పట్టం కట్టడంలో ఆ కంసాలి పనే తిరగబడి జరిగింది. కూతుర్ని అచ్చులో పోసి కొడుకుగా తీశారు. శాసనాల్లో ఆమె చాలాచోట్ల 'రుద్రదేవ మహారాజు'. సింథియా టాల్‌బాట్‌ ఆమెని 'స్త్రీ రాజు' అని పిలిచి రాసిన వ్యాసం మనలో చాలామంది చదివే ఉంటారు. గణపతిదేవుడికి కొడుకులు లేరు. అధికారం స్త్రీ చేతికి ఇవ్వక తప్పలేదు. ఇంగ్లండులో ఇలాంటి చోట వస్తువుల్ని మార్చారు, ఇక్కడ పేరుని మార్చారు. అయినా ఓరుగల్లు కోటలో సింహంమీద కూర్చుని కత్తీ డాలూ పట్టిన స్త్రీ శిల్పం ఉంది. పట్టుకునేవి పట్టుకునే ఉంది. మల్కాపురం శాసనంలో ప్రసూతిశాల ప్రస్తావన ఉన్నది కూడా ఆమె కాలంలోనే. అది ఏలుబడి లెక్కలోకి రావాలి కదా, మన చరిత్ర పుస్తకాల్లో యుద్ధాలు అయిపోయాక చివరి పేరాలో వస్తుంది.

ఈ రాణికీ వజ్రాలకీ ఒక పాత ముడి కూడా ఉంది. మార్కోపోలో మోటుపల్లి రాజ్యం గురించి రాసిన చోట రెండు విషయాలు చెప్పాడు. ఒకటి, ఆ దేశాన్ని తెలివైన రాణి నలభై ఏళ్ళుగా ఏలుతోందని. రెండు, అక్కడి కొండల్లో వజ్రాలు దొరుకుతాయని, మంచివన్నీ పెద్ద పెద్ద రాజులకే పోతాయని. అయితే రాణిని అతను భర్త చనిపోయాక రాజ్యం చేస్తున్న విధవ అని రాశాడు. రుద్రమ కూతురిగా ఏలింది. వెనిస్‌నుంచి అంత దూరం వచ్చినవాడి ఊహకి సింహాసనం మీద ఆడది ఉందంటే ఎవరి పెళ్ళామో అయి ఉండాలి.

మన రచయితలు మాత్రం ఏం తక్కువ? నోరి నరసింహశాస్త్రి ఆమె పేరునే నవలకి పెట్టారు, సంతోషం. అడివి బాపిరాజు నవలలో రుద్రమ ఉంది, ఆమె సింహాసనం చుట్టూ కుట్రలున్నాయి, కానీ అట్టమీద పేరు 'గోన గన్నారెడ్డి'. 2015లో గుణశేఖర్‌ తీసిన 'రుద్రమదేవి' సినిమాకి వెళ్ళినప్పుడు హాల్లో ఈలలు పడింది కూడా గన్నారెడ్డికే. బాపిరాజుని నేను ప్రేమగానే చదువుతాను, ఆ వర్ణనలకి ఎవరైనా లొంగిపోతారు. కానీ రాణికి రాజ్యం నిలబెట్టింది ఒక మగ సాహసి అని నమ్మించడంలో ఆ నవల ఎంత పనిచేసిందో గుర్తించకుండా ఆ వర్ణనల్లో మునగడం ఇప్పుడు నాకు సాధ్యం కావడం లేదు.

ఇంకో శాసనం సంగతి. 1513 ఫిబ్రవరిలో శ్రీకృష్ణదేవరాయలు ఇద్దరు రాణులతో తిరుమల వచ్చాడు. స్వామికి నవరత్నాల కిరీటం ఇచ్చింది రాజు. చిన్నాదేవి, తిరుమలదేవి ఒక్కొక్కరు ఒక్కో బంగారు గిన్నె ఇచ్చారు. రాత్రిపూట స్వామికి పాలు పెట్టడానికి! అయిదు వందల ఏళ్ళ తర్వాత కూడా ఇది చదివితే నాకు మా వంటింట్లో పడుకునేముందు అందరికీ పాలు కాచి ఇచ్చే అమ్మే కనిపిస్తుంది. రాణులైనా దేవుడి దగ్గర కూడా వాళ్ళ డ్యూటీ అదే. అహోబిలంలో కూడా రాయలు నగలు సమర్పించిన శాసనం ఉంది. చిన్నప్పుడు దాని పక్కనే కూర్చుని పులిహోర తిన్నాం, చదవలేదు.

పట్టాభిషేకం అంటే మనకి మొదట గుర్తొచ్చేది రాముడే కదా. 2023లో చార్లెస్‌ కంటే అయిదు వారాల ముందు, మార్చి నెలాఖరులో, భద్రాచలంలో పన్నెండేళ్ళకోసారి చేసే పుష్కర పట్టాభిషేకం జరిగింది. అమ్మ దాన్ని కూడా టీవీలోనే చూసింది. ప్రతి ఇంట్లో ఉండే ఆ పటంలో సీత కూర్చునే ఉంటుంది, కిరీటంతో. చేతిలో ఒక పువ్వు. ఆ కిరీటం ఆమె తలమీద ఎంతకాలం నిలిచిందో మనందరికీ తెలుసు. ఓల్గా 'విముక్త' కథల్లో చివరిదానికి 'బంధితుడు' అని పేరు పెట్టి రాముణ్ణి చూపించినప్పుడు నాకు మొదటిసారి ఆ పటంలో సింహాసనం వేరేగా కనిపించింది.

తెలుగులో పట్టాభిషేకాన్ని 'పట్టం కట్టడం' అంటాం. కట్టడం, నిజంగానే. నాన్న పోయాక దినం రోజున మా ఇంట్లో కట్టారు. మేనమామలు కొత్త తువ్వాలు తెచ్చి మా తమ్ముడి తలకి పాగా చుట్టారు. ఊరి పెద్దలంతా చూస్తుండగా ఇంటికి ఇంక నువ్వే పెద్ద అన్నారు. వాడికి ఇరవై రెండు, నాకు ముప్ఫై నాలుగు. సరిగ్గా అదే సమయానికి లోపలిగదిలో అమ్మకి గాజులు తీస్తున్నారు. బయట ఒక తలకి పెడుతున్నారు, లోపల ఒక ఒంటినుంచి తీస్తున్నారు. రెండూ ఒకే ముహూర్తానికి ఎందుకు పెట్టారో అప్పుడు నాకు అర్థం కాలేదు. అమ్మవన్నీ పెట్టుకునేవి కాబట్టే తీసెయ్యగలిగారు.

చట్టం లేక కాదు. పెళ్ళికాని కూతుళ్ళకి కొడుకులతో సమానంగా ఉమ్మడి ఆస్తిలో హక్కు ఉందని ఆంధ్రప్రదేశ్‌ 1985లోనే అంది. 2005లో దేశమంతటా కూతుళ్ళందరికీ వర్తింపజేశారు. ఇంగ్లండు సింహాసనానికి అక్కని కాదని తమ్ముడే ఎందుకు రావాలని వాళ్ళు చట్టం మార్చుకున్నది 2013లో. ఈ విషయంలో మనం వాళ్ళకంటే ముందున్నాం, గర్వపడొచ్చు! కానీ తహసీల్దారు ఆఫీసుకి పోయి నా భాగం నాకొద్దని సంతకం పెట్టి వచ్చింది నేనే. స్త్రీవాదం మీద సెమినార్లలో మాట్లాడే నేనే. తమ్ముడికి బోరు అప్పు ఉంది, పుట్టిల్లు దూరమవుతుంది, నాకు ఉద్యోగం ఉంది కదా... కారణాలన్నీ అప్పుడు మంచివిగానే ఉన్నాయి.

కోహినూరుని వెనక్కి తేవాలని ఆవేశపడేవాళ్ళతో నాకు పేచీ లేదు. తేవాల్సిందే. కానీ 'మన రాయి' అన్నప్పుడు ఆ 'మన'లో ఎవరున్నారు? అది కృష్ణ ఒడ్డున కొల్లూరు గనిలో దొరికిందని మనం చెప్పుకుంటాం, రుజువుల్లేని నమ్మకమే అయినా. కొల్లూరు గనిని కళ్ళారా చూసిన ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే పదిహేడో శతాబ్దంలో అక్కడ అరవైవేలమంది పనిచేస్తున్నారని రాశాడు. మగవాళ్ళు తవ్వుతారు, ఆడవాళ్ళూ పిల్లలూ మట్టి మోస్తారని. ఇప్పుడు ఆ చోటు పులిచింతల నీళ్ళ కింద ఉంది. మట్టితట్టలు మోసిన తలలకీ, ఆ రాయి ఎక్కిన తలలకీ మధ్య దూరాన్ని కొలిచినవాళ్ళు లేరు. తొలకరి పడగానే కర్నూలు జిల్లా జొన్నగిరి, తుగ్గలి చేలల్లోకి ఇప్పటికీ ఆడవాళ్ళు పిల్లల్ని చంకనేసుకుని వజ్రాలు వెతకడానికి పోతారు. పొద్దుగూకేదాకా వంచిన తల ఎత్తరు. 2018లో రెండో ఎలిజబెత్‌ ఒక టీవీ కార్యక్రమంలో కిరీటం పెట్టుకున్నాక తల కిందికి వంచకూడదు, వంచితే మెడ విరుగుతుందని నవ్వుతూ చెప్పింది.

ఆ శనివారం సాయంత్రం టీవీ కట్టేశాక అమ్మ వాకిట్లో కూర్చుని చింతపండులో గింజలు తీస్తోంది. నేను పక్కన కూర్చుని, ఆరోజు తమ్ముడికి చుట్టిన తువ్వాలు ఏమైందని అడిగాను.

"యాడో ఉంటాది. కందులు మూట కట్టినట్టుండాను."

కాసేపు ఆగి, నేను సంతకం పెట్టడం తప్పేమో మా అన్నాను. అమ్మ తల ఎత్తలేదు.

"నీ సంతకం నువ్వు పెట్టినావు. నాకూ ఒక పాలు వస్తాది గదా ఆ భూమిలో. నన్ను ఎవురన్నా అడిగినారా మ్మే?"